లోబయలు: చుట్టూ ఒక రోజు నడక, అడ్డంగా పది రోజులు

నీలికలువ:
అందరికీ నమస్కారం. మేరుక అనే కల్పిత లోకం ఒకటి చాలాకాలంగా అల్లుకుంటూ వస్తున్నాను. అందులో నాకు అన్నిటికంటే ఇష్టమైన చోటు ఒకటుంది. కథ అక్కడే ఆగిపోయింది కాబట్టి మీ సాయం అడుగుతున్నాను.

ఆ చోటు పేరు లోబయలు. బయటి నుంచి చూస్తే మామూలు గుండ్రటి మైదానం. అంచు వెంట పాతిన రాళ్ల పక్కనే పొద్దున్నే నడక మొదలుపెడితే చీకటి పడేసరికి మళ్ళీ మొదటి రాయి దగ్గరికి వస్తాం. 30 కిలోమీటర్లు అనుకోండి. ఆ లెక్కన అడ్డంగా దాటితే 10 కిలోమీటర్లు కూడా ఉండకూడదు. కానీ లోపలికి దిగి నేరుగా నడిచేవాడు అవతలి అంచు చేరడానికి పది రోజులు పడుతుంది. అంటే 300 కిలోమీటర్లు. దారిలో వంకర లేదు, ఎత్తుపల్లాలు లేవు. కాలం కూడా మారదు, లోపల పది రోజులంటే బయటా పది రోజులే. చోటు మాత్రమే ఎక్కువగా ఉంది.

ఇది ఎందుకు ఏర్పడిందో కథలో చెప్పను. ఒకసారి ఉందనుకున్నాక మాత్రం తన నియమానికి తాను కట్టుబడాలి. "మాయ, అంతే" అని తప్పించుకోవడం నాకు ఇష్టం లేదు. అంచు దాటేటప్పుడు ఏం జరుగుతుంది? లోపల బతికేవాళ్ళకి రోజూ ఏం తేడా తెలుస్తుంది? ఇలాంటిది అసలు పొసగుతుందా?

మూడోఝాము:
నీలికలువ గారూ, ఆలోచన బాగుంది. ఇంత కష్టపడే బదులు అంచు దగ్గర ఒక ద్వారం పెట్టండి. అది దాటితే వేరే లోకం. పాఠకుడికి వెంటనే అర్థమవుతుంది.

నీలికలువ:
మూడోఝాము గారూ, ద్వారం వద్దనే అనుకుంటున్నాను. ద్వారం ఉంటే "ఇక్కడ" వేరు, "అక్కడ" వేరు అయిపోతాయి. నాకు కావలసింది ఒకే నేల. బయట మొలిచిన గడ్డే లోపలికీ పాకాలి. అంచున ఉన్న రైతు పొలం సగం బయట, సగం లోపల ఉండాలి. ఎక్కడా అతుకు కనపడకూడదు.

కొలబద్ద:
నిస్సందేహంగా పొసగుతుంది. అదీ ద్వారం లేకుండానే.

చుట్టుకొలత వ్యాసానికి 3.14 రెట్లు ఉంటుందని బళ్ళో చదువుకున్నాం. అది చదును నేలకు మాత్రమే వర్తించే మాట. మన భూమినే తీసుకోండి. భూమధ్యరేఖ ఒక వృత్తం, చుట్టుకొలత సుమారు 40,075 కి.మీ. నేల మీదే నడుస్తూ ఉత్తర ధ్రువం మీదుగా సరిగ్గా అవతలి వైపుకు వెళ్తే నడిచే దూరం సుమారు 20,000 కి.మీ. ఇక్కడ నిష్పత్తి 3.14 కాదు, 2. ఇప్పుడు ఆ వృత్తాన్ని దక్షిణ ధ్రువం దాకా జరపండి. ధ్రువం చుట్టూ ఓ చిన్న గీత గీసి, మిగతా భూగోళమంతా దాని "లోపల" అనుకోండి. చుట్టుకొలత బుల్లిది, లోపల మాత్రం ఖండాలూ సముద్రాలూ అన్నీ ఉన్నాయి.

మూతి సన్నగా, పొట్ట పెద్దగా ఉండే కుండ ఇది. మీ అంకెలు దీనికి చక్కగా కుదిరాయి. చుట్టుకొలత 30 అయితే మూతి వ్యాసార్ధం సుమారు 4.8 కి.మీ. లోపల గోళంలా ఉందనుకుంటే, 300 కి.మీ. అడ్డదారి రావడానికి దాని వ్యాసార్ధం సుమారు 48 ఉండాలి. మూతికి సరిగ్గా పది రెట్లు. ఇక వైశాల్యం చూడండి. బయటి నుంచి చూసేవాడు ఆ వలయంలో 72 చదరపు కి.మీ. ఉందనుకుంటాడు. లోపల ఉన్నది దాదాపు 29,000. అంటే 400 రెట్లు.

ఈ కుండ "ఎటువైపుకి" ఉబ్బిందని ఎవరైనా అడగొచ్చు. ఎటూ ఉబ్బక్కర్లేదు. ఉపరితలం ఎంత వంగిందో దాని మీదే ఉండి కొలిచి చెప్పొచ్చని, బయటికి వెళ్లి చూడాల్సిన పని లేదని గణిత శాస్త్రజ్ఞుడు గౌస్ 1827లో నిరూపించాడు. 1854లో రీమాన్ ఆ ఆలోచనను ఎన్ని కొలతలు (పొడవు, వెడల్పు, ఎత్తు లాంటివి) ఉన్న చోటుకైనా విస్తరించాడు. మీ లోబయలు జనానికి తాడు, మేకులు, ఓపిక ఉంటే చాలు. పెద్ద త్రిభుజం వేసి కోణాలు కూడితే 180 కంటే ఎక్కువ వస్తుంది. ఎంత ఎక్కువన్నది త్రిభుజం వైశాల్యాన్ని బట్టి ఉంటుంది.

అడవిదారి:
కొలబద్ద గారూ, వివరణ అద్భుతం. ఒక్క సందేహం. బయట చదును, లోపల గోళం. మరి మధ్యలో? ఆ రాళ్ల దగ్గర ఏం జరుగుతుంది? కథకు అసలైన చోటు అదే కదా.

కొలబద్ద:
సరైన చోట పట్టుకున్నారు. ఈ మొత్తం వ్యవహారంలో నాకు బాగా నచ్చింది కూడా ఆ అంచే.

బయట నేల పూర్తిగా చదును అయితే, వలయం లోపల ఉన్న వంపు మొత్తం కలిపి సున్నా కావాలి. ఇది గౌస్-బోనె సిద్ధాంతం చెప్పే మాట, తప్పించుకోవడం కుదరదు. లోపలి గోళంలో వంపు అంతా ధనాత్మకం. దాన్ని సరిచేయడానికి అంతే రుణాత్మక వంపు ఎక్కడో ఉండాలి. అది అంచున పట్టీలా చుట్టుకుని ఉంటుంది. ధన వంపు ఉన్న చోట పక్కపక్కన నేరుగా నడిచేవాళ్ళు దగ్గరవుతారు, రుణ వంపు ఉన్న చోట విడిపోతారు.

ఇద్దరు స్నేహితులు 2 మీటర్ల ఎడంతో పక్కపక్కనే లోబయలు నడిమధ్యకు గురిపెట్టి అంచు దాటారనుకోండి. ఎవరూ పక్కకి తిరగలేదు, ఎవరి దారిలో వాళ్ళు నేరుగా నడుస్తున్నారు. మొదటి కిలోమీటరులో తేడా తెలియదు, ఎడం మీటరు కూడా పెరగదు. కానీ అది పెరుగుతూనే ఉంటుంది. పొట్ట దగ్గరికి వచ్చేసరికి ఇద్దరి మధ్య 40 మీటర్లు. అంటే 20 రెట్లు. 50 మీటర్ల వెడల్పున కదిలే మంద అక్కడికి చేరేసరికి కిలోమీటరు మేర చెదిరిపోతుంది. ఆ తర్వాత గోళం వాళ్ళను దగ్గరికి లాగడం మొదలుపెడుతుంది. ఐదో రోజు ఆఖరికి, లోబయలు నడిబిందువు దగ్గర, ఆ ఇద్దరి దారులూ ఒకదాన్నొకటి కోసుకుంటాయి.

అంటే లోపల విడిపోయినవాళ్ళు ఒకరినొకరు వెతుక్కుంటూ తిరగకూడదు. ఎవరి దారిన వాళ్ళు నేరుగా నడిస్తేనే కలుస్తారు.

నీలికలువ:
కొలబద్ద గారూ, ఇది చదివి కాసేపు అలాగే కూర్చుండిపోయాను. నా కథలో అన్నాచెల్లెళ్ళు ఇద్దరున్నారు. లోపల విడిపోతారు. వాళ్ళను ఎలా కలపాలో తెలియక అధ్యాయమంతా పక్కన పెట్టేశాను. "తప్పిపోతే నన్ను వెతకొద్దు, నేరుగా నడువు" అని అంచున అన్న చెప్పే మాట ఒక్కటి చాలు. ఆ చెల్లి దాన్ని నమ్మగలదా లేదా అన్నదే కథ.

పటంగీతలు:
నేను పటాలు గీసేవాణ్ణి కాబట్టి ఆ వైపు నుంచి చెబుతాను. మేరుక రాజుకి ఈ చోటు ఎంత పెద్దదో తెలియకపోవచ్చు. చుట్టూ నడిచి కొలిచి, "చిన్న మైదానం" అని పటంలో వేసి, పన్ను కూడా అలాగే కట్టించి ఉంటాడు. ఇది అసహజం ఏమీ కాదు. మన ప్రాచీన కాలంలోనూ చాలామంది ఊరు ఎంత పెద్దదో చుట్టుకొలతతోనే అంచనా వేసేవారు. మెగలోపొలిస్ అనే గ్రీకు నగరం చుట్టుకొలత 50 స్టేడియాలు (అప్పటి దూరపు కొలత), స్పార్టాది 48 అయినా స్పార్టా దానికి రెట్టింపు పెద్దదంటే జనం నమ్మరని గ్రీకు చరిత్రకారుడు పొలీబియస్ రాశాడు. చుట్టుకొలత ఎక్కువగా, వైశాల్యం తక్కువగా ఉన్న భూమిని అంటగట్టి తోటివాళ్ళను మోసం చేసినవాళ్ళ గురించి ప్రోక్లస్ చెప్పాడు. అది మామూలు చదును నేల మీదే. లోబయలు అంచున బతికే కుటుంబాలు 400 రెట్ల నేలను దాచుకుని 72 చదరపు కి.మీ.కి పన్ను కడుతున్నాయంటే, ఆ గుట్టు కాపాడుకోవడానికి ఏమైనా చేస్తారు. మీకు కావలసిన సంఘర్షణ అక్కడ దొరుకుతుంది.

ఇంకొకటి. రాజుగారి కొలతగాళ్ళ చేతికి దక్షిణం చూపే బండి ఇవ్వండి. పాత చైనాలో ఉండేది, 3వ శతాబ్దంలో మా జున్ అనే ఆయన చేసినట్టు చెబుతారు. అయస్కాంతం ఉండదు. బండి మలుపు తిరిగితే రెండు చక్రాలూ వేర్వేరు దూరాలు దొర్లుతాయి. పళ్ళచక్రాలు ఆ తేడాను పట్టుకుని పైనున్న బొమ్మను అంతే ఎదురు తిప్పుతాయి. కాబట్టి బండి ఎటు తిరిగినా బొమ్మ వేలు ఒకే వైపు చూపిస్తుంది. చదును నేల మీద మాత్రమే సుమా. నేల వంగి ఉంటే చుట్టి వచ్చేసరికి వేలు పక్కకి తిరిగి ఉంటుంది.

కొలబద్ద:
పటంగీతలు గారి బండి ఈ కథ కోసమే పుట్టినట్టుంది. బయట రాళ్ల వెంట ఎన్నిసార్లు తిప్పినా వేలు ఇసుమంత కూడా కదలదు, ఎందుకంటే లోపలి వంపు మొత్తం సున్నా. బయట తిరిగేవాడికి అనుమానం రావడానికి ఆధారమే లేదు. అదే బండిని లోపలికి తీసుకెళ్లి, నడిబిందువుకు 50 కి.మీ. దూరంలో ఒక చుట్టు తిప్పుకొస్తే వేలు సరిగ్గా వెనక్కి చూపిస్తుంది. బొమ్మను ఎవరూ ముట్టుకోలేదు, చక్రం జారలేదు. తలపండిన కొలతగాడు ఒకడు ఆ బొమ్మ ముందు నిలబడ్డ దృశ్యం తప్పకుండా రాయండి.

మూడోఝాము:
ఇదంతా ఆసక్తిగానే ఉంది కానీ నాకు ఒక అభ్యంతరం ఉంది. నీలికలువ గారి మొదటి పోస్టు చదివినప్పుడు ఒళ్ళు జలదరించింది. ఇప్పుడు కోణాలు, వ్యాసార్ధాలు, పళ్ళచక్రాలు వచ్చేశాయి. అన్నీ అర్థమైపోతే ఇక భయం ఎక్కడ ఉంటుంది? లోబయలు మనిషిని మింగేసే చోటులా ఉండాలి, లెక్కల పుస్తకంలా కాదు.

అడవిదారి:
మూడోఝాము గారూ, భయం లెక్కలోనే ఉంది. చూడండి.

గోళం మీద నేరుగా నడిస్తే ఏమవుతుంది? చుట్టి మళ్ళీ మొదలుపెట్టిన చోటికే వస్తాం. ఒక మనిషి పొట్ట భాగంలో దారి తప్పాడు. అనుభవం ఉన్నవాడే. దారి తప్పినవాళ్ళు తెలియకుండా గుండ్రంగా తిరుగుతారని ఎరిగినవాడు కాబట్టి మూడు కర్రలు వరసలో పాతి, వాటి వెంట చూపు పెట్టి, ముందు కొత్త కర్ర పాతి వెనకది పీకుతూ ఖచ్చితంగా నేరుగా వెళ్తాడు. ఒక్క వేలెడు కూడా పక్కకి పోలేదు. పదో రోజు సాయంత్రం ముందు ఏదో నల్లగా కనిపిస్తుంది. దగ్గరికి వెళ్తే మూడు రాళ్ల పొయ్యి. రాళ్లలో ఒకటి పగిలి ఉంది. ఆ రాయి తన పొయ్యిలోదే, మొదటి రాత్రి వేడికి తన కళ్ళముందే పగిలింది. బూడిదలో తను పారేసిన తెగిన చెప్పు వారు ఇంకా ఉంది.

ఇక్కడ మాయ ఎక్కడా లేదు. వాడు అన్నీ సరిగ్గానే చేశాడు. సరిగ్గా చేసినందుకే ఇక్కడికి వచ్చాడు. ద్వారం మూసుకుపోయిందంటే పాఠకుడు ఒక నిట్టూర్పు విడిచి పేజీ తిప్పేస్తాడు. దీన్ని మాత్రం మర్చిపోలేడు.

కొలబద్ద:
దానికి అంకె కూడా ఇస్తాను. 18వ శతాబ్దపు క్లెరో సూత్రం ఒకటుంది. దాని ప్రకారం పొట్ట భాగంలో నిలబడ్డవాడు మూతి వైపుకి 5.7 డిగ్రీల లోపు తేడాతో నడక పెడితేనే బయటపడతాడు. లేదా సరిగ్గా వెనక్కి తిరిగి, నడిబిందువు మీదుగా అంతే తేడాతో వెళ్ళాలి. రెండూ కలిపినా 360లో 23 డిగ్రీలు. మిగతా ఏ వైపుకి నేరుగా వెళ్ళినా మూతి పక్క నుంచే పోతాడు కానీ దాన్ని తాకడు. కళ్ళు మూసుకుని దిక్కు ఎంచుకుంటే పదహారింట ఒక వంతు అవకాశం.

మూడోఝాము:
ఆ పొయ్యి రాళ్ల దృశ్యం నన్ను వదలడం లేదు. అయితే ఇలాగే ముందుకు పోదాం. మరి లోపల జనం ఏం తిని బతుకుతారు?

చిరుజల్లు:
ఈ ప్రశ్న ఎవరైనా అడుగుతారేమోనని ఎదురుచూస్తున్నాను. లోపల ఎంత చోటున్నా, బయటి నుంచి వచ్చేదంతా ఆ 72 చదరపు కి.మీ. మూతి గుండానే రావాలి. వానైనా, ఎండైనా. దాన్ని 400 రెట్ల నేలకు పంచండి.

మేరుకలో ఏడాదికి 1,000 మిల్లీమీటర్ల వాన పడుతుందనుకుంటే లోబయలు వాటాకు వచ్చేది రెండున్నర మిల్లీమీటర్లు. మన భూమి మీద అతి పొడి ఊళ్ళలో ఒకటైన చిలీలోని అరీకాలో ఏడాది సగటు ఒక మిల్లీమీటరు లోపే. లోబయలు ఇంచుమించు ఆ కోవలోదే. ఎండ కూడా అంతే. నడినెత్తి ఎండ సుమారు 1,00,000 లక్స్ (వెలుతురు కొలత) అనుకుంటే లోపల 250. దీపాలు వెలిగించిన గదిలో ఉండేంత వెలుతురు. చీకటి కాదు, మనిషి ముఖం గుర్తుపట్టొచ్చు, అల్లికపని చేసుకోవచ్చు. కానీ ధాన్యం పండదు. నాచు, కొన్ని రకాల నీడమొక్కలు, తేమ ఉన్న చోట పుట్టగొడుగులు. చలి కూడా ఎక్కువే.

నీలికలువ గారూ, మీరు రెండో పోస్టులో అంచు నుంచి గడ్డి లోపలికి పాకాలన్నారు. పాకుతుంది, కొంత దూరమే. తర్వాత పలచబడి, పసుపెక్కి, ఆగిపోతుంది. వాన, ఎండ అంచు దగ్గరే ఎక్కువ ఖర్చవుతాయి కాబట్టి సారమంతా ఒక సన్నని వలయంలో ఉంటుంది. మీ రైతులు అక్కడే ఉంటారు. పటంగీతలు గారు చెప్పిన పన్ను ఎగవేత కూడా ఆ వలయానికే పరిమితం. 29,000 చదరపు కి.మీ. అని రాజు ఆశపడి సైన్యాన్ని పంపిస్తే, దొరికేది మసక వెలుతురులో ఎండిన నేల.

నదిని మాత్రం లోపలికి పంపొచ్చు. బయటి నది ఒకటి అంచు దాటి లోపలికి పారి, ఎక్కడో ఇంకిపోతుంది. జనమంతా ఆ ఒక్క నది ఒడ్డునే.

పటంగీతలు:
గాలి సంగతేమిటి? లోపల అంత గాలి ఉంటే మూతి దగ్గర ఎప్పుడూ తుఫానేనా?

చిరుజల్లు:
తుఫాను రాదు, ఊపిరి ఉంటుంది. పెద్ద గుహలు ఇలాగే ఊపిరి తీస్తాయి. అమెరికాలో సౌత్ డకోటాలోని విండ్ కేవ్‌కు ఆ పేరు అందుకే వచ్చింది. బయట గాలి ఒత్తిడి తగ్గితే గుహలోంచి గాలి బయటికి వీస్తుంది, పెరిగితే లోపలికి పీల్చుకుంటుంది. దాని ద్వారం చిన్నది కాబట్టి గాలి జోరుగా ఉంటుంది. లోబయలు మూతి చుట్టూ 30 కి.మీ. తెరిచి ఉంది. ఒక రోజులో ఒత్తిడి నూటికి ఒక వంతు పడిపోయినా అంచున గాలి గంటకు అర కిలోమీటరు కూడా ఉండదు. చెంపకు తెలియదు. గాలి స్తంభించిన రోజున పొయ్యి పొగ మాత్రం కొద్దిగా బయటివైపు వాలుతుంది. అంచు రైతులు ఆ పొగ చూసి, వాతావరణం చెడబోతోందని కోతలు ముందే పూర్తి చేసుకుంటారు.

నీలికలువ:
ఇంత శ్రద్ధగా చెప్పినందుకు అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు. పచ్చటి లోబయలును వదిలేస్తున్నాను. మసక బయలు, ఒక్క నది, అంచున పచ్చటి వలయం. నా మనసులో ఉన్నదానికంటే ఇదే బాగుంది. ఇక ఒకే ఒక్కటి మిగిలింది. చెల్లి పొట్ట భాగంలో ఒంటరిగా ఉంది. చుట్టూ చూస్తే ఆమెకు ఏం కనిపిస్తుంది?

కొలబద్ద:
కాంతి కూడా నేరుగానే నడుస్తుంది కాబట్టి పాదచారికి వర్తించేదే దానికీ వర్తిస్తుంది. ఆమెకు దిగంతాన రెండు వెలుగు పట్టీలు కనిపిస్తాయి. ఒకటి మూతి వైపు, ఇంకొకటి దానికి సరిగ్గా ఎదురుగా. రెండూ 11 డిగ్రీల పైచిలుకు వెడల్పే, రెండింట్లోనూ బయటి లోకమే. ఏదీ భ్రమ కాదు, ఎటు నడిచినా బయటపడుతుంది. కానీ ఒకటి సుమారు 70 కి.మీ., రెండోది నడిబిందువు మీదుగా చుట్టి 220.

నీలికలువ:
ఆమె దగ్గర మూడు రోజుల నీళ్ళే ఉన్నాయి. ఏది దగ్గరో ఎలా తెలుస్తుంది?

చిరుజల్లు:
రంగును బట్టి. దుమ్ము లేని స్వచ్ఛమైన గాలిలో కూడా చూపు సుమారు 300 కి.మీ. మించి ఆనదు. 220 కి.మీ. గాలి దాటి వచ్చే వెలుగులో నీలం చాలావరకు చెదిరిపోతుంది కాబట్టి ఆ పట్టీ మసకగా, ఎర్రగా ఉంటుంది. దగ్గరిది దానికంటే తెల్లగా ఉంటుంది. అయితే తెల్లవారుజామున, సాయంత్రం బయటి ఆకాశమే ఎర్రగా ఉంటుంది కదా, అప్పుడు రెండూ ఎర్రగానే కనిపిస్తాయి. బయట మిట్టమధ్యాహ్నం అయ్యేదాకా ఆమె అడుగు తియ్యకుండా ఆగాలి, ఆగినంత సేపూ నీళ్ళు తరుగుతూనే ఉంటాయి.

నీలికలువ:
మధ్యాహ్నం దాకా ఆగుతుంది. ఈ రాత్రే ఆ అధ్యాయం మొదలుపెడతాను.